కొండల్లో నడక సరే, రాత్రికి ఎవరింటి చుట్టాలు?

పుష్యమాసంలో నెలవంక కనబడ్డాక ఆదిలాబాద్ జిల్లా కేస్లాపూర్‌లో గోండుల్లోని మెస్రం వంశీయుల నడక మొదలవుతుంది. తెల్ల బట్టలు, తలపాగాలు, కాళ్లకు చెప్పులు ఉండవు. గోదావరి నీళ్లు తేవడానికి ఝరి అనే కలశం వెంట ఉంటుంది. మంచిర్యాల జిల్లా జన్నారం మండలంలో కలమడుగు దగ్గరున్న హస్తలమడుగు దాకా పోయి, గంగ నీళ్లు ముంచుకుని, మళ్లీ నడిచే తిరిగొస్తారు. రోజుల తరబడి సాగే ఆ దారిలో పొద్దుగూకిన చోట ఏదో ఒక ఊరు వాళ్లకు బస ఇస్తుంది. పుష్య అమావాస్య రాత్రి నాగదేవత నాగోబా మహాపూజ ఆ నీళ్లతోనే జరుగుతుంది.

ఇటు వరంగల్ వైపు కూడా ఇలాంటి నడకే ఒకటుంది. రెండేళ్లకోసారి మేడారం జాతరకు మహబూబాబాద్ జిల్లా పూనుగొండ్ల నుంచి పెనక వంశం కోయ పూజారులు సమ్మక్క భర్త పగిడిద్దరాజును తీసుకుని అడవి దారిన నడిచి వస్తారు. మధ్యలో ఒక రాత్రి విడిది చేసి, తెల్లవారి మళ్లీ బయల్దేరతారు. జాతరకు బస్సుల్లో, కార్లలో వచ్చే లక్షల మందికి ఈ నడక కనబడదు.

ఈమధ్య ఉత్తర తెలంగాణలో ట్రెక్కింగ్ మాట గట్టిగా వినిపిస్తోంది. రెండు మూడు రోజులు గుట్టల్లో నడవాలి, రాత్రిళ్లు గూడెంలో ఆదివాసీల ఇంట్లో ఉండాలి, వాళ్లు తినేదే తినాలి అని పట్నం పిల్లలు కోరుకుంటున్నారు. కోరిక మంచిదే. కానీ ఇదేదో ఇక్కడ ఎవరికీ తెలియని కొత్త సంగతి అనుకుని మొదలుపెడితే పక్కదారి పడుతుంది. రోజుల తరబడి నడవడం, దారిలో ఊరికి చుట్టమై ఉండడం ఇక్కడివాళ్లకు తాతల నాటి నుంచి తెలుసు. దానికి కట్టుబాట్లున్నాయి, పెద్దలున్నారు, వంతులున్నాయి. కొత్తగా వచ్చి చేరేది డబ్బొక్కటే. వచ్చినవాడు ఊరికి చుట్టమా, ఒక ఇంటికి చుట్టమా, లేక బయటి కంపెనీకి కస్టమరా? హోమ్‌స్టే నిలబడేదీ చెడేదీ అక్కడే తేలుతుంది. దారి ఎంత అందంగా ఉంది, జలపాతం ఎంత ఎత్తు నుంచి దూకుతుంది అన్నవి ఆ తర్వాతి మాటలు.

ఈ కొండల గురించి ముందే ఉన్నమాట చెప్పుకోవాలి. ఇవి హిమాలయాలు కావు. ములుగు జిల్లాలో ఛత్తీస్‌గఢ్ సరిహద్దున ఉన్న డోలి గుట్ట 965 మీటర్లు. రాష్ట్రంలో అదే ఎత్తయినది. ఆదిలాబాద్, ఆసిఫాబాద్ గుట్టలు అంతకన్నా తక్కువ. ఇక్కడ శిఖరం ఎక్కి జెండా పాతేదేం ఉండదు. ఘాట్ ఎక్కితే పైన చదునైన నేల, దాని మీద జొన్న, కంది, పత్తి చేన్లు, చేన్ల మధ్య ఊరు. మళ్లీ ఒక వాగు, వాగు దాటితే టేకు అడవి, తర్వాత ఇంకో గూడెం. అందుకే ఇక్కడ నడకంటే ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి పోవడమే. ఊళ్లను పక్కనపెట్టి గుట్టలు మాత్రమే చూడాలంటే ఒక్క పూటలో అయిపోతుంది. ఆ ఊళ్ల వల్లనే దీన్ని రెండు మూడు రోజుల నడకగా ఊహించగలుగుతున్నాం.

కాలం కూడా కలిసిరావాలి. వానాకాలం వాగులు పొంగితే చాలా గూడేలకు దారి తెగిపోతుంది. ఆ నెలల్లోనే మలేరియా. ఎండాకాలం ఆకు రాలిన అడవిలో నీడ ఉండదు, నిప్పు భయం ఉంటుంది. పైగా మార్చి, ఏప్రిల్‌లలో ఇప్పపువ్వు ఏరడం, ఆ వెంటనే తునికాకు కోత. తెల్లారకముందే ఇంటిల్లిపాదీ అడవికి పోతారు, చుట్టాన్ని చూసుకునే తీరిక ఎవరికీ ఉండదు. మిగిలింది నవంబర్ నుంచి ఫిబ్రవరి దాకా. డిసెంబర్, జనవరిలో సిర్పూర్(యు), గిన్నెధరి లాంటి చోట్ల రాత్రి చలి 5 డిగ్రీల దగ్గరికి దిగే రోజులుంటాయి. తడికె గోడల ఇంట్లో ఆ చలి ఎలా ఉంటుందో రాబోయేవాళ్లకు ముందే చెప్పడం మర్యాద.

ఇక చుట్టరికం సంగతి. దీపావళి రోజుల్లో రాజ్‌గోండులు, కొలాంల ఊళ్లలో దండారి జరుగుతుంది. దీన్ని బయటివాళ్లు గుస్సాడీ డ్యాన్స్ అనుకుని సరిపెట్టుకుంటారు. నిజానికి ఒక ఊరు ఊరంతా ఇంకో ఊరికి చుట్టంగా పోవడమే దండారి. నెమలి ఈకల టోపీ పెట్టుకున్న గుస్సాడీలు, గుమేల, పెప్రె, డోళ్లు వాయించేవాళ్లు, ఆడే పిల్లలు, వెంట పెద్దలు అందరూ కలిసి వెళ్తారు. పిలిచిన ఊరు వాళ్లకు ఎదురొచ్చి, తిండి పెట్టి, రాత్రి ఉంచుకుంటుంది. ఆటపాటల నడుమ పెళ్లి సంబంధాల మాటలు కూడా నడుస్తాయి. ఈ రాకపోకలు రెండు వైపులా సాగుతాయి. అన్నం పెట్టిన ఊరికి రేపు వాళ్లింట అన్నం ఉంటుంది. అంత మందిని ఏ ఒక్క ఇల్లూ మోయదు, ఊరు పంచుకుంటుంది.

నాగోబా జాతరలో పొయ్యిల దగ్గర నిలబడి చూస్తే ఈ పంచుకోవడం ఇంకా బాగా తెలుస్తుంది. కేస్లాపూర్‌కు ఎన్ని వందల మెస్రం కుటుంబాలు వచ్చినా, లోపల వంట జరిగేది 22 పొయ్యిల మీదే. ఎవరికి వాళ్లు విడిగా పొయ్యి పెట్టుకోవడం కుదరదు. ఒక కుటుంబం వండి దించితే ఇంకో కుటుంబం ఎక్కిస్తుంది. పూజకు కావలసిన కుండలు సిరికొండ కుమ్మరి ఇంటి నుంచి రావాలి. ఆదివాసీ కాని ఆ ఇంటికి కూడా జాతరలో చెక్కుచెదరని చోటు ఉంది. వంతు తప్పకుండా పనినీ, గౌరవాన్నీ ఇంతమంది పంచుకునే ఏర్పాటు చేతిలో ఉన్న సమాజానికి, హోమ్‌స్టే ఎలా నడపాలో బయటి కన్సల్టెంట్ వచ్చి నేర్పించాల్సిన అవసరం పెద్దగా లేదు. వంతుల పద్ధతి వాళ్లనే అడగాలి.

నేపాల్‌లో ఒక ఊరు ఇలా చేసి చూపించింది. స్యాంజా జిల్లాలో గురుంగుల ఊరు సిరుబారి 1997లో పల్లె పర్యాటకం మొదలుపెట్టింది. వచ్చినవాళ్లు ఏ ఇంట్లో ఉండాలో వాళ్లంతట వాళ్లు ఎంచుకోరు. ఊరి కమిటీ వంతు ప్రకారం ఇంటికింతమంది చొప్పున పంపిస్తుంది. దాంతో రోడ్డు పక్కన ఉన్న ఇల్లు, మాటకారి ఇల్లు, పెద్ద ఇల్లు మాత్రమే బాగుపడడం తప్పుతుంది. వియత్నాం ఉత్తరాన సాపాలో ఇంకో రకం కనబడుతుంది. హ్మోంగ్, దావ్ తెగల ఊళ్ల మధ్య నడక, వాళ్ల ఇళ్లలో బస అనే పేరుతోనే అక్కడికి లోకమంతా వస్తుంది. కానీ పట్నంలో హోటళ్లు లేచి, కాట్‌కాట్ లాంటి ఊళ్లోకి అడుగుపెట్టడానికే టికెట్ వచ్చింది. ఊరు చూడడానికి టికెట్ పెట్టాక, ఊళ్లో ఉన్నవాళ్లు కూడా చూసే వస్తువుల్లో కలిసిపోతారు.

అంత దూరం దేనికి, పాడేరు దగ్గరి వంజంగి మనవాళ్లకు తెలిసిందే. మబ్బుల సముద్రం ఫొటోలు ఫోన్లలో తిరిగాక రాత్రికి రాత్రి బండ్లు బారులు తీరాయి. గుట్ట మీద ప్లాస్టిక్ మిగిలింది. ఉట్నూరు, జైనూర్, కెరమెరి వైపు ఆ తీరు రాకముందే మాట్లాడుకోవడం మేలు.

డబ్బు ఎటు పోతుందో ఊహకు ఒక చిన్న లెక్క వేద్దాం. ఎనిమిది మంది, మూడు రాత్రులు, మనిషికి రోజుకు 1,500 రూపాయలు అనుకుందాం. మొత్తం 36,000. బుకింగ్, బండి, గైడు అన్నీ పట్నం వాళ్లవే అయ్యి, గూడెంలో తిండికీ పడకకూ మనిషికి రోజుకు 300 ఇస్తే, ఊళ్లకు చేరేది 7,200. ఐదో వంతు. అదే దారి చూపేవాళ్లు ఊరి పిల్లలై, సామాను మోసే ఎడ్లబండి ఊరిదై, బియ్యం, జొన్నలు, కోడి ఊళ్లో కొన్నవై, బుకింగ్ ఫోన్ మహిళా సంఘం చేతిలో ఉంటే లెక్క తిరగబడుతుంది. వచ్చేవాళ్లు పెట్టే ఖర్చు రెండు సందర్భాల్లోనూ ఒకటే.

ఇంకో లెక్క నీళ్లది. దీన్ని డబ్బుకన్నా ముందు వేయాలి. కొలాం గూడేలు ఎక్కువగా గుట్టల మీదే ఉంటాయి. జనవరి దాటాక చాలా చోట్ల నీళ్లు దూరమవుతాయి. పట్నం మనిషి స్నానానికీ దొడ్డికీ పొదుపుగా వాడినా రోజుకు 40 లీటర్లు. ఎనిమిది మందికి 320. పదిహేను లీటర్ల బిందెతో మోస్తే ఇరవైకి పైగా బిందెలు. నెత్తిన ఒకటి, చంకన ఒకటి పెట్టుకున్నా పదిసార్లకు మించి చెలిమె దాకా దిగి ఎక్కాలి. ఆ నడక ట్రెక్కింగ్ లెక్కలోకి రాదు, ఆ ఇంటి కోడలి పనిలోకి పోతుంది. అందుకని ఒక రాత్రికి ఊళ్లోకి ఎంతమంది రావాలి అన్నది ఊళ్లో ఎన్ని మంచాలున్నాయో చూసి కాదు, ఆ నెలలో ఎన్ని నీళ్లున్నాయో చూసి తేల్చాలి. ఆ మాట తేల్చే చోట ఆడవాళ్లు కూర్చుని ఉండాలి.

చట్టం విషయానికొస్తే, తెలంగాణ ఏజెన్సీకి ఒక గట్టి రక్ష ఉంది. షెడ్యూల్డ్ ప్రాంతాల్లో భూమి గిరిజనేతరుల చేతుల్లోకి పోకుండా 1959 నాటి భూబదలాయింపు నిబంధనను 1970లో బిగించారు. జనం నోట అదే 1/70. దాని పేరు వింటే ఏజెన్సీలో పెట్టుబడి రాదని వ్యాపారులు గొణుగుతారు. హోమ్‌స్టే విషయంలో మాత్రం ఇది వరమే. బయటివాడు ఎకరం కొని రిసార్ట్ కట్టడానికి దారి లేదు. 1997లో సమతా కేసులో సుప్రీంకోర్టు ఇంకో అడుగు ముందుకేసింది. షెడ్యూల్డ్ ప్రాంతంలో ప్రభుత్వ భూమిని కూడా గిరిజనేతరులకు గనుల లీజుకు ఇవ్వకూడదని, ఈ నిబంధన కింద ప్రభుత్వం కూడా ‘వ్యక్తే’నని చెప్పింది. 1996 నాటి పెసా చట్టం ఆచారాలు, ఉమ్మడి వనరులు కాపాడుకునే అధికారం గ్రామసభకు ఇచ్చింది. 2006 నాటి అటవీ హక్కుల చట్టం ఊరి చుట్టూ ఉన్న అడవిపై సామూహిక హక్కును గుర్తించింది. వీటన్నిటినీ కలిపి చదివితే సూటిగా తేలేది ఇది: ఏజెన్సీ ఊళ్లో బస పెట్టుకోవడానికి నిఖార్సయిన దారి ఒక్కటే ఉంది, అది ఊరివాళ్ల సొంత ఇల్లు, గ్రామసభ తీర్మానం.

కానీ బినామీ అనే మాట ఏజెన్సీలో కొత్త కాదు. భూమి ఆదివాసీ పేరున, నడిపేది వేరేవాళ్లు. హోమ్‌స్టేకు ఇది ఇంకా తేలిక, ఎందుకంటే భూమి రాయించుకోవాల్సిన పని కూడా లేదు. ఇంటికి రంగులేసి, రెండు మంచాలు, ఒక బాత్రూం కట్టించి, ‘అడ్వాన్స్’ కింద కొంత చేతిలో పెడితే చాలు, ఆ ఇల్లు ఆ అప్పు తీరేదాకా వాళ్లదే. గ్రామసభ తీర్మానం కాగితానికి పరిమితం కాకుండా, ప్రతి సీజన్ తర్వాత లెక్కలు చావడిలో చదివి వినిపించే పద్ధతి ఉంటేనే ఇది ఆగుతుంది.

అడవి సంగతి ఇంతకన్నా చిక్కు. కవ్వాల్ 2012లో టైగర్ రిజర్వ్ అయింది. కోర్ అనే లోపలి అడవి, దాని చుట్టూ ఉండే బఫర్ కలిపి దాదాపు 2,000 చదరపు కిలోమీటర్లు. కోర్‌లో ఉన్న రాంపూర్, మైసంపేట ఊళ్లను ఖాళీ చేయించి కొత్త చోటికి తరలించారు. 2025 మే చివర్లో ఆసిఫాబాద్ జిల్లా అడవులను కుమురం భీం కన్జర్వేషన్ రిజర్వ్‌గా ప్రకటిస్తూ జీవో 49 వచ్చింది. ఆదివాసీలు రోడ్డెక్కారు, బంద్ చేశారు. జులైలో ప్రభుత్వం ఆ జీవోను నిలిపివేసింది. ఈ నేపథ్యం తెలియకుండా గూడెంలో ట్రెక్కింగ్ అనే మాట ఎత్తితే, ఇవాళ నడక దారి అంటారు, రేపు గేటు పెడతారు, ఎల్లుండి మమ్మల్నే లేవమంటారు అన్న అనుమానం వస్తుంది. ఆ అనుమానం పుట్టడానికి కారణాలున్నాయి. 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో ఆదివాసీలపై పోలీసు కాల్పులు భూమి గురించి అడిగినందుకే జరిగాయి. 1940లో జోడేఘాట్ గుట్టల్లో కుమురం భీం ప్రాణమిచ్చింది కూడా ఈ అడవి, ఈ భూమి మీద హక్కు కోసమే. అక్కడికి నడిచి పోయేవాళ్లు ఈ రెండు తేదీలనూ తెలుసుకుని పోవాలి.

పులి భయం కూడా మాటవరసకు చెప్పేది కాదు. మహారాష్ట్రలోని తాడోబా నుంచి కాగజ్‌నగర్ మీదుగా కవ్వాల్ దాకా పులులు తిరిగే దారి ఉంది. 2020 నవంబర్‌లో ఆసిఫాబాద్ జిల్లాలో ఒక యువకుడు, ఒక అమ్మాయి పులి బారిన పడి చనిపోయారు. 2024 నవంబర్ చివర్లో కాగజ్‌నగర్ దగ్గర పత్తి చేనులో పనికి పోయిన మహిళ చనిపోయింది. నవంబర్ పత్తి తీసే నెల, ట్రెక్కింగ్‌కు మంచి నెల కూడా అదే. అటవీశాఖ అనుమతి, పులి కదలికల సమాచారం, పొద్దుగూకకముందే ఊరు చేరుకోవడం అనే మూడూ తప్పనిసరి. అడవిలో టెంటు వేసుకుని పడుకోవడం కన్నా ఊళ్లో పడుకోవడం ఇక్కడ అన్ని విధాలా క్షేమం.

ములుగు వైపు కథ వేరు. రామప్పకు 2021లో యునెస్కో గుర్తింపు వచ్చాక, లక్నవరం, బొగత జలపాతం, తాడ్వాయి అన్నీ ఒకే టూరు బస్సు దారిలో పడ్డాయి. బొగత ముందు నిలబడి ఫొటో దిగి సాయంత్రానికి వరంగల్ చేరేవాళ్లే ఎక్కువ. తాడ్వాయి మండలం దామెరవాయిలో అడవి మధ్య రాతి పలకలతో పేర్చిన పురాతన సమాధులు ఉన్నాయి. వాటి మధ్య ఒక గంట నిశ్శబ్దంగా తిరిగితే చాలు, నడిచిన అలసట తెలియదు. కోయ ఊళ్లలో బసకు ఈ దిక్కున వీలుంది. కానీ ఏటూరునాగారం అభయారణ్యం కనుక అనుమతి లేనిదే అడుగు పెట్టకూడదు. వెంకటాపురం, వాజేడు వైపు సరిహద్దు గుట్టల్లో పాతిపెట్టిన మందుపాతరలకు కట్టెల కోసం పోయిన ఊరివాళ్లు, పోలీసులు బలయ్యారు. ఆ గుట్టలను శుభ్రం చేశామని అధికారికంగా చెప్పేదాకా, ఎంత అందమైన జలపాతం ఉన్నా, అటువైపు ట్రెక్కింగ్ ఊసే ఎత్తకూడదు. సొంతంగా దారి వెతుక్కుని పోయే కుర్రాళ్లకు ఇది గట్టిగా చెప్పాల్సిన మాట.

అందుకే మొదలుపెట్టడానికి ఉట్నూరు, జైనూర్, కెరమెరి మండలాల గుట్టలే మేలనిపిస్తుంది. రోడ్లు అందుబాటులో ఉన్నాయి, ఉట్నూరులో గిరిజనాభివృద్ధి సంస్థ ఐటీడీఏ ఉంది, ఒంట్లో బాగాలేకపోతే ఆస్పత్రికి చేరడం ములుగు లోపలి అడవికన్నా తేలిక. పైగా ఆ దారిలో మార్లవాయి ఉంది. భీం మరణం తర్వాత గోండుల పరిస్థితి చూడమని నిజాం ప్రభుత్వం పంపిన మానవశాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్, తన భార్య బెట్టీతో కలిసి ఈ ఊళ్లోనే గుడిసె వేసుకుని ఉన్నారు. 1943లో ఇక్కడ గోండీలో చదువు చెప్పే టీచర్లకు శిక్షణ మొదలైంది. వాళ్లిద్దరి సమాధులూ ఈ ఊళ్లోనే ఉన్నాయి, ఊరు ఇప్పటికీ వాళ్లను తలచుకుంటుంది. బయటి నుంచి వచ్చిన మనిషి ఊరికి ఎలా చుట్టమవుతాడో చూడాలంటే మార్లవాయిలో ఒక రాత్రి ఉంటే తెలుస్తుంది. గుస్సాడీ నేర్పిన పద్మశ్రీ కనకరాజుది కూడా ఈ ఊరే.

గుస్సాడీ గురించి ఒక మాట ఇక్కడే చెప్పాలి. గుస్సాడీ వేషం దీక్ష. దండారి రోజుల్లో పూజ చేసి టోపీ తీస్తారు, ఆ రోజుల్లో గుస్సాడీలు స్నానం చేయరు, పండుగ ముగిశాక దేవుడికి అప్పగించి మళ్లీ దాస్తారు. రాత్రి భోజనాలయ్యాక చుట్టాల కోసం ఒక పావుగంట ఆడించమని డబ్బు చూపించడం, ఆ ఊరికి చేసే అవమానం. వినాలనుకునేవాళ్లకు వేరే సంపద ఉంది. పర్ధాన్‌లు కిక్రి అనే తీగవాద్యం వాయిస్తూ గోండుల వంశకథలు చెబుతారు, తోటీలకూ తమ కథలున్నాయి. ఈ కళ మీద బతకడం కష్టమై వాళ్ల పిల్లలు కూలికి పోతున్నారు. చలిమంట దగ్గర ఒక రాత్రి కథకు సరైన వెల కట్టి, ముందే చెప్పి, వాళ్లను పిలిపించుకోవడం మంచి పని. గోండీ రానివాళ్లకు పక్కన కూర్చుని తెలుగులో చెప్పే బడిపిల్లలు ప్రతి గూడెంలోనూ దొరుకుతారు. ఇంట్లో గోండీయో కొలామీయో, బడిలో తెలుగు, సంతలో మరాఠీ మాట్లాడే పిల్లలు వాళ్లు.

తిండి దగ్గర వచ్చేవాళ్లకన్నా పెట్టేవాళ్లకు టెన్షన్ ఎక్కువ. పట్నపోళ్లు జొన్న గట్క తింటారో లేదోనని సంతకు పోయి సన్నబియ్యం, చిప్స్ ప్యాకెట్లు కొనుక్కొస్తారు. ముందే ‘మీరు తినేదే పెట్టండి’ అని కబురు పంపితే ఆ ఖర్చూ ఆ బెంగా తప్పుతాయి. జొన్నరొట్టె, పప్పు, అడవిలో దొరికిన కూర, ఇప్పపువ్వు లడ్డూ ఉంటే చాలు. దోమతెర, చలికి దుప్పటి, మందులు ఎవరివి వాళ్లు తెచ్చుకోవాలి.

వీటన్నిటికీ ముందు ఊరు చేతిలో ఒక క్యాలెండర్ ఉండాలి, ఎప్పుడు రావద్దో రాసి ఉన్న క్యాలెండర్. తునికాకు రోజులు, కొత్త పంట దేవుడికి పెట్టేదాకా ఎవరూ ముట్టని రోజులు, ఊళ్లో చావు జరిగిన రోజులు. పుష్యమాసంలో జంగుబాయి దేవత గుహకు పోయేవాళ్లు అటు పోతారు, మెస్రంలు కేస్లాపూర్ దారి పడతారు. అప్పుడు వాళ్లూ నడకలోనే ఉంటారు, వేరే ఊళ్లకు చుట్టాలై.